ముద్రాలమ్మకు తవుడు మూట

ముద్రాలపేట శ్రీ ముద్రాలమ్మ తల్లి ఆలయం సముద్రానికి మైలున్నర లోపల, ఉప్పుటేరు ఉత్తరపు గట్టున ఉంది. రోడ్డు మీద బస్సు దిగినవారు నాలుగు కిలోమీటర్లు ఆటోలో రావాలి. చివరి ఆరువందల అడుగులు ఉప్పు మడుల మధ్య సన్నని గట్టు మీద నడక. చినుకు పడితే గట్టు జారుతుంది కనుక చెప్పులు చేతబట్టుకుని నడవడం మంచిది.

గర్భగుడి ఎనిమిది అడుగుల చదరం. గోపురం లేదు. లోపల రాతి విగ్రహం గానీ ఇత్తడి ముఖం గానీ కనిపించవు. మూరెడు పొడవు, జానెడున్నర వెడల్పు, నాలుగు వేళ్ల మందం ఉన్న తాటిచెక్క పలక ఒకటి ఇసుకలో నిలబెట్టి ఉంటుంది. దాని మీద లోతుగా చెక్కిన శంఖం గుర్తు. శంఖం నోరు పైకి ఉంటుంది. ఆ పలకే అమ్మవారు.

మొదటిసారి వచ్చిన భక్తులు సాధారణంగా మూడు సంగతులు అడుగుతారు. అమ్మవారు పలక రూపంలో ఎందుకు వెలిశారు? చుట్టూ కనుచూపు మేర ఉప్పు రాశులుండగా అమ్మవారి గంజిలో మాత్రం చిటికెడు ఉప్పు ఎందుకు వేయరు? పశువులకు పెట్టే తవుడును మూటగట్టి మొక్కు చెల్లించడం ఏమిటి? మూడింటికీ జవాబు ఒక్క కథలోనే ఉంది.

పూర్వం ఇక్కడ గవ్వలదిబ్బ అనే ముప్ఫై ఆరు గడపల ఊరు ఉండేది. అందరూ ఉప్పు పండించేవారే. కొండవాకిలి సంస్థానం వారి ఏలుబడిలో తాతల నాటి నుంచి ఆ మడులు చేసుకునేవారు. ఏటి నీటిని మడుల్లోకి పెట్టి, ఎండకు గడ్డకట్టిన ఉప్పును గోరి తీసి, గట్టు మీది కొటారులో రాశులు పోసేవారు. రాశి మీద తాటాకు కప్పి, అడుగున చుట్టూ తడి బంకమట్టితో పట్టీ వేసేవారు. ఆ మట్టి ఆరకముందే ముద్రపలకతో శంఖం గుర్తులు అద్దేవారు. రాశికి ఇరవై ఎనిమిది ముద్రలు. ఒక్క ముద్ర చెదిరినా ఎవరో ఉప్పు తీశారని తెలిసిపోయేది.

ముద్రపలక గవరయ్య ఇంట ఉండేది. ఆయన భార్య ఏనాడో పోయింది. ఆయన కళ్లకు పొర కమ్మింది. అందువల్ల ఆయన పేరు మీద ముద్రలు అద్దే పని ఒక్కగానొక్క కూతురు పారమ్మ చేసేది.

ఆ ముద్రకు ఒక ఆచారం ఉండేది. పలక ఉన్న ఇంట ఎవరైనా పోతే, ఇంటివారు ఏటికి దగ్గరి రాశి మీద నాలుగు ముద్రలను తలకిందులుగా, శంఖం నోరు నేలవైపు ఉండేలా అద్దేవారు. పాడె మోసే నలుగురికి గుర్తుగా నాలుగు. అది మొదలు మూడు రోజులు ఆ రాశి పోయినవారిది. దాన్ని ఎవరూ తాకకూడదు. ఇంటి పెద్ద రోజూ ఉదయం ఉప్పులేని గంజి కుండ తెచ్చి రాశి పక్కన పెట్టాలి. మొదటి రోజూ మూడో రోజూ ఆడవాళ్లు రాశి చుట్టూ గుంపుగా నిలబడి ఏడుస్తారు. అప్పుడు మగవాళ్లు అటువైపు చూడరు. మూడో రోజు ఊరంతా ఏట్లో మునిగి మైల వదుల్చుకుంటుంది.

సంస్థానం ఉప్పును ఎద్దుల మీద కొండవాకిలికి తోలుకుపోయేవారు. ఆ బిడారుకు కాపలాగా వచ్చే బంటు పేరు తవిటయ్య. అతనికి ముందు పుట్టిన ముగ్గురు పురిట్లోనే పోయారు. అందుకని తల్లి అతన్ని పుట్టిన రోజే పొరుగింటామె ఒడిలో వేసి, మూడు దోసిళ్ల తవుడు ఇచ్చి తిరిగి కొనుక్కుంది. కొనుక్కున్న బిడ్డ మీద మృత్యువుకు హక్కు ఉండదని ఈ ప్రాంతంలో నమ్మకం. ఆ తవుడే అతనికి పేరైంది.

"మూడు దోసిళ్ల తవుడుకి వొచ్చినోడివి, మా గట్టు మీద ఇంత దర్జాగా నడుస్తావేటి?" అని పారమ్మ ఒకనాడు ఎగతాళి చేసిందట.

"నా ధర నాకు తెలుసు. నీ ధరెంతో సెప్పు, మాయమ్మనడిగి తెస్తాను" అన్నాడట తవిటయ్య.

"నాను అంత సవగ్గా రాను."

రెండేళ్లు ఆ ధర తేలలేదు. మూడో ఏడు పెద్దలు కూర్చుని మాఘ పౌర్ణమి ఉదయానికి లగ్నం పెట్టారు.

ఆ లగ్నానికి నెల రోజుల ముందు, పుష్య మాసంలో, కొండవాకిలి కోట కూలింది. సంస్థానాధీశుడు ఎటు పోయాడో తెలియలేదు. మడులన్నీ కొత్త సర్కారు చేతికి వచ్చాయి. సర్కారు జమాదారు ఒకడు పది మంది జవాన్లతో వచ్చి ఊరి తలలు లెక్కపెట్టాడు. చంటిబిడ్డలతో కలిపి నూట నలభై రెండు. తరువాత చాటింపు వేయించాడు. సంస్థానం బంట్లకు నీడ ఇచ్చిన ఇల్లు కాలుస్తారు, ఆ ఊరి మడులన్నీ స్వాధీనం చేసుకుంటారు. ముద్ర చెదిరినా, తప్పు పడినా, జమాదారు ఎదుటే రాశి విప్పి మళ్లీ అద్దాలి. ప్రజల ఆచారాల జోలికి మాత్రం పోవద్దని సర్కారు అతనికి గట్టిగా చెప్పి పంపింది. కొత్తగా వచ్చిన రాజ్యం, అల్లరి పుడితే అణచడానికి పది మంది చాలరు.

గవరయ్య కూతురిని పిలిచి ఒక్కటే మాట చెప్పాడు. "ఆ మనువు ఏట్లో కలిసిపోనాది. ఆ పేరు ఈ గుమ్మంలో ఎత్తకు." అది కోపంతో అన్న మాట కాదు. ముప్ఫై ఆరు గడపల కూడు ఆ మడుల మీద ఉంది.

మాఘ శుద్ధ ద్వాదశి సాయంత్రం, పొద్దు వాలుతుండగా, తవిటయ్య మడ అడవిలోంచి పాకుతూ కొటారు దాకా వచ్చాడు. తొడ మీద కత్తి గాయం. ఏడు రోజులుగా తిండి లేదు. అప్పుడు కొటారులో పారమ్మ ఒక్కతే ఉంది. ఏటి దారిన అతన్ని దాటిద్దామంటే మూడు రోజులు ఆగాలి. ఏరు సముద్రంలో కలిసేచోట ఇసుక మేట ఉంది. పౌర్ణమికీ అమావాస్యకూ వచ్చే పెద్ద పోటులో తప్ప దాని మీద నావ తేలదు. ఈ పక్షంలో ఆ పోటు పౌర్ణమి ఉదయం, జాము పొద్దెక్కేసరికి వస్తుంది. అప్పటిదాకా అతన్ని దాచాలి.

కొటారులో పదకొండు రాశులున్నాయి. ఏటికి అన్నిటికన్నా దగ్గరగా ఉన్న రాశిని పారమ్మ ఎంచుకుంది. మట్టిపట్టీని మనిషి పట్టేంత మేర తొలగించి, తాటాకు ఎత్తి, లోపలి ఉప్పును తోడి మడిలో పోసింది. మోకాళ్లు ముడుచుకుంటే ఇద్దరు కూర్చోగలిగినంత గుహ అయింది. గాయానికి ఉప్పు తగిలి తవిటయ్య పళ్లు బిగించాడు.

"మండుతున్నాదా?"

"లేదు. మీ ఊరి ఉప్పు తియ్యగున్నాది."

ఆమె తాటాకు సర్ది, కొత్త మట్టి మెత్తి, చీకటి పడేలోగా ముద్రలు అద్దేసింది. తొలగించినంత మేరకు సరిగ్గా నాలుగు పట్టాయి. చూపంతా జవాన్లు వచ్చే దారి మీదే ఉంది. ఏళ్ల తరబడి కళ్లు మూసుకుని చేసిన పనిలో ఆ సాయంత్రం ఆమె ఒక పొరపాటు చేసింది. పలకను తిరగేసి పట్టుకుంది.

మూడు పడి ఉంటే తప్పు ముద్ర అనుకునేవారు. అయిదు పడినా అంతే. నాలుగు పడ్డాయి.

తెల్లవారగానే కొటారుకు వెళ్లిన దాలమ్మ ఆ నాలుగు శంఖాలను చూసి గంప అక్కడే పడేసింది. ఆమె గవరయ్యకు వరుసకు మరదలు. పక్కిల్లే. నిమిషాల్లో గుమ్మం ముందు ఊరు పోగైంది.

"బావా! మీ ఇంట్లో ఉండేదే ఇద్దరు. నువ్వు నా ఎదురుగా నిలబడ్డావు. మరి ఎవులు పోనారు?" అని దాలమ్మ అడిగింది.

గవరయ్యకు ఏమీ తెలియదు. "ఏటి మాటలే ఇవి, పొద్దున్నే?" అన్నాడు.

"నాను కాదు, నీ ముద్ర సెప్తున్నాది. నాలుగు నోళ్లు నేలకేసి ఉన్నాయి."

తలుపు వెనక నుంచి పారమ్మ ఆ మాట వింది. ముందు రోజు సాయంత్రం తన చేతులు ఏం చేశాయో ఆమెకు అప్పుడు తెలిసింది.

గవరయ్య లోపలికి వచ్చి తలుపు వేశాడు. పారమ్మ దాచలేదు. ఎవరు వచ్చారో, ఎక్కడ ఉన్నారో, ముద్ర ఎలా తిరగబడిందో చెప్పింది. తప్పు ముద్ర అని ఒప్పుకుంటే జమాదారును పిలవాలి, అతని ఎదుట రాశి విప్పాలి. తవిటయ్య ప్రాణం పోతుంది, ఊరి మడులు పోతాయి. తప్పు ముద్ర కాదంటే ఆ ఇంట ఒక చావు చూపించాలి. ఆ ఇంట ఇద్దరే ఉన్నారు. ఇద్దరిలో ఒకరు ఇప్పుడే ఊరందరి ఎదుట నిలబడి మాట్లాడి వచ్చారు.

"అయ్యా, నాను పోతాను" అంది పారమ్మ.

చచ్చినట్టు చూపించిన మనిషి తిరిగి ఆ ఊళ్లో తిరగడానికి లేదు. ఆ సంగతి ఇద్దరికీ తెలుసు. గవరయ్య తడుముకుంటూ పొయ్యి దగ్గరికి వెళ్లి గంజి కుండ అందుకున్నాడు. 

"గంజి ఎందరికి కాయమంటావు, గుంటా?" అని అడిగాడు.

"ఇద్దరికి."

ఆయన బయటికి వెళ్లి, "పారమ్మ పోనాది. నిన్న సాయంత్రం ఏరు తీసుకుపోనాది" అన్నాడు.

ఊరు ఒక్కసారిగా ఏడ్చింది. ఏడవనిది దాలమ్మ ఒక్కతే. ముందు రోజు సాయంత్రం దీపాల వేళ పారమ్మ ఆమె గుమ్మంలోకే వచ్చి నిప్పు అడిగి పట్టుకెళ్లింది. దాలమ్మ లోపలికి వెళ్లి, చాప మీద ముడుచుకుని కూర్చున్న పారమ్మను చూసి, తన ముసుగు తీసి ఆమె తల మీద వేసింది. తరువాత అందరికన్నా బిగ్గరగా ఏడుపు అందుకుంది.

గవరయ్య గంజి కుండతో ముందు నడవగా ఆడవాళ్ల గుంపు కొటారుకు వెళ్లింది. రాశి చుట్టూ నిలబడ్డారు. జవాన్లు మర్యాదగా అటు తిరిగారు. గుంపు తిరిగి వచ్చేటప్పుడు ఒకరు తగ్గారు. చెదిరిన మట్టిని దాలమ్మ మళ్లీ మెత్తి, పలక తీసుకుని నాలుగు ముద్రలు అద్దింది. నోరు కిందికే పెట్టింది. ఈసారి అది పొరపాటు కాదు.

జమాదారు వచ్చి శవమేదని అడిగాడు. ఏరు ఇస్తే చూపిస్తామన్నారు. నాలుగు ముద్రలు తలకిందులుగా ఎందుకున్నాయని అడిగాడు. ఊరి పెద్దలు ఆచారం చెప్పారు. అతను నూట నలభై రెండును నూట నలభై ఒకటిగా దిద్దుకున్నాడు. నమ్మకం మాత్రం పూర్తిగా కుదరలేదు. ముప్ఫై అడుగుల దూరంలో ఒక జవానును కాపలా పెట్టి వెళ్లాడు.

మొదటి రోజు గవరయ్య పెట్టిన కుండ ఒక్కటే, జవానుకు కనబడని వైపు, తాటాకు సందులోంచి చెయ్యి అందే దూరంలో. సాయంత్రానికి ఖాళీ అయింది. ఆ ఖాళీ కుండను ఊరంతా చూసింది.  రెండో రోజు ఉదయం తొమ్మిది ఇళ్ల నుంచి తొమ్మిది కుండలు వచ్చాయి. అన్నీ ఉప్పు లేనివే, అన్నీ పలచగా కాచినవే. ఉప్పు రాశిలో కూర్చున్నవారికి ఆకలి కన్నా దాహం ఎక్కువని ఉప్పు పండించేవారికి ఒకరు చెప్పనక్కర లేదు.

"దెయ్యాలు ఇంత తింటాయా?" అన్నాడు జవాను.

"బతికున్నప్పుడు కడుపునిండా తిననివ్వలేదు బాబూ, ఇప్పుడైనా తిననీ" అంది దాలమ్మ.

"కాకులు కూడా కనబడవే!"

"మా కాకులు సర్కారోళ్లంటే సిగ్గుపడతాయి."

రాశి లోపల ఆ ఇద్దరూ ఏం మాట్లాడుకున్నారో కథలో లేదు. పెదవులు పగిలాయని, గంజి తేటతో ఆమె అతని గాయం కడిగిందని, ఆ ఉప్పు వల్లే పుండు చీము పట్టలేదని మాత్రం పెద్దలు చెబుతారు.

మూడో రోజు పౌర్ణమి. జాము పొద్దెక్కేసరికి ఏరు గట్టు అంచుల దాకా నిండింది. ఆడవాళ్లు ముసుగులతో రాశి చుట్టూ చేరి ఏడ్చారు. ఆ మాటున దాలమ్మ మట్టిపట్టీని చివరిసారి మెత్తి ముద్రలు అద్దింది. ఆ ఏడుపుతోనే కదిలి, మగవాళ్లతో కలిసి, ఊరంతా ఏట్లోకి దిగింది. దిగినవారు నూట నలభై ముగ్గురు. ముసుగుల్లో ఒకటి ఎత్తుగా ఉందని, కుంటుతోందని ఎవరూ గమనించలేదు. గమనించిన వారు చెప్పలేదు. అందరూ మునిగారు. అవతలి గట్టున మడ చెట్ల వెనక దాలమ్మ కొడుకులు ముందే కట్టి ఉంచిన నావ పోటుకు ఊగుతోంది.

గవరయ్య నడుములోతు నీటిలో నిలబడి, దోసిలితో నీళ్లు తీసి, మూడుసార్లు ఏట్లో వదిలాడు. గట్టు మీది జమాదారుకు అది పోయిన కూతురికి తర్పణంగా కనిపించింది. పక్కనే మునిగి లేచిన దాలమ్మ మాత్రం, అది లగ్నం పెట్టిన ఘడియేనని, ఆయన కూతురిని ధారపోశాడని బతికినంత కాలం చెప్పింది.

జమాదారు గట్టెక్కిన వారిని ఒక్కొక్కరినీ లెక్కపెట్టాడు. నూట నలభై ఒకటి. లెక్క సరిపోయింది. కాపలా తీసేశాడు.

గవరయ్య ఆ తరువాత ముద్ర పట్టలేదు. కొద్ది నెలలకే సర్కారు తన గుర్తుతో ఇనుప ముద్ర తెప్పించడంతో తాటిపలక అవసరమూ తీరిపోయింది. ఆయన దాన్ని గోడకు వేలాడదీశాడు, నోరు నేలవైపు ఉండేలా. ఇంట చావు జరిగిన ముద్ర అలాగే ఉండాలన్నాడు. కూతురు బతికి ఉందో లేదో తెలిపే కబురు ఒక్కటీ రాలేదు. ఇసుక మేట దాటిన నావలన్నీ ఒడ్డు చేరవు.

ఏడాది తిరిగి మాఘ పౌర్ణమి వచ్చింది. ఆ తెల్లవారుజామున ఆయనకు కల వచ్చింది. ఉప్పులా తెల్లని జుట్టుతో ఒక ముసలమ్మ గుమ్మంలో కూర్చుని, "నా నోరు నేలకేసి పెట్టావు. నీ కూతురిని ఎలా పిలవను?" అని అడిగింది. ఆయన ఉలిక్కిపడి లేచి తలుపు తీశాడు. గుమ్మం మీద చిన్న గుడ్డమూట ఉంది. కళ్లు ఆనక, వేళ్లతో తడిమి చూసుకున్నాడు. తవుడు. దాలమ్మను పిలిచి కొలిపించాడు. సరిగ్గా మూడు దోసిళ్లు.

మూట ఎవరు తెచ్చి పెట్టారో నేటికీ తెలియదు. దాని అర్థం మాత్రం ఇద్దరికీ తెలిసింది. చచ్చిందనిపించుకున్న బిడ్డను తండ్రి తిరిగి కొనుక్కోవడానికి, ధర కూడా కూతురే పంపింది. అంత చవగ్గా రానన్న పిల్ల ఆ ధరకే వచ్చింది.

గవరయ్య పలక దించి, ఏటి గట్టుకు మోసుకుపోయి, ఆ రాశి ఉన్నచోట ఇసుకలో నిలబెట్టాడు. శంఖం నోరు పైకి పెట్టాడు. ఎదుట మూట ఉంచి, ఉప్పులేని గంజి పోసి, ఊరు వినేలా "నా కూతురిని కొనుక్కున్నాను. బతికే ఉన్నాది" అన్నాడు. జమాదారుకు వినిపించిందో లేదో తెలియదు. లెక్క మాత్రం మళ్లీ దిద్దలేదు.

ఆ పలకే ముద్రాలమ్మ తల్లి. గవ్వలదిబ్బ ముద్రాలపేట అయింది. సంస్థానం పోయింది, ఆ కొత్త సర్కారూ పోయింది, ఇప్పుడు మడుల్లో నీరు తోడటానికి మోటార్లు వచ్చాయి. దాలమ్మ వంశీకులు నేటికీ పలక సేవ చేస్తున్నారు. ప్రస్తుతం ఎనిమిదో తరం.

ఏటా మాఘ పౌర్ణమి ఉదయం, పోటు నిండే వేళకు, పెద్దలను కాదని పెళ్లి చేసుకుని వెళ్లిపోయినవారు, వారిని లేరనుకుని వదిలేసినవారు ఇక్కడికి వస్తారు. కొందరు కలిసే వస్తారు. కొందరు వేర్వేరు ఆటోల్లో దిగి గట్టు మీద ఎదురుపడతారు. నిరుడు కట్టిన తవుడు మూటలు మూడు వందల పద్దెనిమిది. మూట పట్టుకుని వచ్చినవారిని పూజారమ్మ, "ఎవరిని కొంటున్నారు?" అని అడుగుతుంది. పేరు చెప్పాలి. పేరు చెప్పడానికే చాలామందికి చాలాసేపు పడుతుంది. ఆమె తొందరపెట్టదు. చెప్పాక మూట అందుకుని, పలకకు తాకించి, "కొన్నారు. బతికే ఉంది" అంటుంది. కొడుకైతే "బతికే ఉన్నాడు" అంటుంది. కొనుక్కునేవారు ఎవరూ రాని జంటల కోసం దాలమ్మ వంశం వారు తమ ఇంటి నుంచి తవుడు తెచ్చి ఉంచుతారు. నిరుడు అలాంటి మూటలు నలభై ఒకటి.

ఇక్కడ కొనుక్కున్న బిడ్డకు ఆయుష్షు, కొనుక్కున్న తల్లిదండ్రులకు మనశ్శాంతి అమ్మవారు ప్రసాదిస్తారని భక్తుల విశ్వాసం. ఆ రోజు ప్రసాదంగా ఉప్పులేని గంజి అందరికీ పెద్ద డేగిసాల్లో కాస్తారు. పలక ముందు పెట్టే కుండ మాత్రం వేరు. ఎంతమంది వచ్చినా, అందులో గంజి ఇద్దరికి సరిపడేంతే పోస్తారు.